ఆలస్యంగా వచ్చిన ఎలెక్ట్రా

ఇరవయ్యో శతాబ్దం తొలి దశాబ్దాల్లో గ్రీకు రంగస్థలాన్ని ఏలిన తారలిద్దరూ చిన్ననాటి నుంచే తెరల చాటున పెరిగినవాళ్లు. మరీకా కొటొపూలి 1887లో ఊరూరా తిరిగి నాటకాలాడే దంపతులకు పుట్టింది. నడక రాకముందే ఆమెను వేదిక మీదికి ఎత్తుకొచ్చారు. ఆమెకు పోటీగా నిలిచిన కివేలి 1901లో క్రిస్తొమానోస్ స్థాపించిన ‘నెయా స్కినీ’ సమాజంలో చేరేనాటికి ఇంకా పరికిణీ ఈడు పిల్ల. ఏథెన్స్ ప్రేక్షకులు ఈ ఇద్దరి వెనక రెండు జట్లుగా చీలిపోయారు. రాజును సమర్థించేవాళ్లు కొటొపూలి వైపు, రాజకీయ నాయకుడు వెనిజెలోస్ పక్షం వాళ్లు కివేలి వైపు. ఆ కాలంలో నటన చాలావరకు ఇంటి విద్య. బాలపాత్రతో మొదలై, చెలికత్తె వేషాల మీదుగా నాయిక స్థానానికి ఎదిగి, వయసు మళ్లాక తల్లి పాత్రలకు దిగిరావడం అందరూ ఎరిగిన దారి.

కటీనా పాక్సినూ ఆ దారిన వచ్చిన మనిషి కాదు. 1900 డిసెంబరు 17న పిరేయస్‌లో పుట్టిన ఆమె వచన నాటకంలో మొదటి వేషం కట్టేసరికి ముప్పయ్యో పడి దగ్గరపడింది. అప్పటికే ఆమెకు పెళ్లయింది, ఇద్దరు కూతుళ్లు పుట్టారు, ఆ కాపురం విడాకులతో ముగిసింది. సినిమా కెమెరా ముందుకు వచ్చేనాటికి నలభై దాటాయి. ఎపిడారస్ ప్రాచీన రంగస్థలం మీద హెకబే, మెడియా వేషాలు వేసింది యాభై దాటాకే. ఆమె పేరెత్తగానే ఎవరైనా 1944 నాటి ఆస్కార్ గురించే చెబుతారు. ఆ బహుమతి చిన్నదేమీ కాదు. కానీ కథంతా దాని చుట్టూ అల్లితే ఈ జీవితంలోని అసలు విశేషం చేజారిపోతుంది. నటి కాకముందు గడిచిన సంవత్సరాల్లో ఆమె ఏం నేర్చింది, ఆ నేర్పు ఆధునిక గ్రీకు నాటకానికి ఏమిచ్చింది అన్నదే నన్ను పట్టి నిలిపే ప్రశ్న.

పిరేయస్ ఏథెన్స్‌కు రేవుపట్నం. అక్కడి సంపన్న వ్యాపార కుటుంబాల్లో కొన్‌స్టాంటొపూలోస్ వారిది ఒకటి. ఆ ఇంటి అమ్మాయి సంగీతం నేర్చుకోవడానికి ఎవరూ అడ్డు చెప్పలేదు. అలాంటి ఇళ్లలో పియానో, పాట పెళ్లీడు పిల్లలకు అలంకారమే. జెనీవా కన్జర్వేటరీలో చదివింది. బెర్లిన్, వియన్నాల్లోనూ గాత్రం అభ్యసించింది. పాడటం వేడుకగా ఉన్నంతకాలం ఎవరికీ అభ్యంతరం లేదు. వేదికనే వృత్తిగా తీసుకుంటానన్నప్పుడు కుటుంబం తనను వెలివేసిందని 1942లో బ్రాడ్‌వే ప్రేక్షకులకు పంచిన ప్లేబిల్‌లో అచ్చయింది. నాటకశాలలో పంచే పరిచయపత్రాల్లో అతిశయోక్తి ఉండటం మామూలే. అయినా ఆనాటి రేవుపట్నపు వర్తక సమాజం రంగస్థలాన్ని ఏ కంటితో చూసేదో తెలిసినవాళ్లకు ఇది నమ్మదగ్గ మాటే.

యుక్తవయసులోనే ఆమెకు ఇయోనిస్ పాక్సినోస్‌తో పెళ్లయింది. విడిపోయాక కూడా ఆ ఇంటిపేరునే రంగస్థల నామంగా ఉంచుకుంది. లోకం ఆమెను ఎరిగింది ఆ పేరుతోనే.

గాయనిగా ఆమె తొలిసారి పెద్ద వేదిక ఎక్కింది 1920లో. మేటర్లింక్ నాటకం ‘సిస్టర్ బియాట్రిస్’ను ఒపేరాగా మలిచిన స్వరకర్త దిమీత్రిస్ మిత్రొపూలోస్‌కు అప్పటికి ఇరవై నాలుగేళ్లు. తర్వాతి కాలంలో మినియాపొలిస్, న్యూయార్క్ వాద్యబృందాలను నడిపించిన మహా సంచాలకుడు ఆయనే. ఏథెన్స్‌లో ఆ ఒపేరా విన్న ఫ్రెంచ్ స్వరకర్త సేన్-సాన్స్ ఆ కుర్రవాణ్ణి మెచ్చుకుంటూ వ్యాసం రాశాడు. పై చదువులకు మిత్రొపూలోస్ విదేశాలకు వెళ్లడానికి ఆ మెప్పు దోవ చూపింది. బియాట్రిస్ పాత్ర పాక్సినూది. ఈ కథలో ఒక సన్యాసిని ప్రియుడితో మఠం విడిచి వెళ్లిపోతుంది. మరియమాత విగ్రహం పీఠం దిగి వచ్చి, ఆమె లేని లోటు ఎవరికీ తెలియకుండా ఆమె రూపంలో సేవలు చేస్తుంది. పాతికేళ్ల తర్వాత బియాట్రిస్ చితికిపోయిన దేహంతో తిరిగి వచ్చి మఠంలోనే కన్నుమూస్తుంది. ఇరవై ఏళ్ల గాయని ఒకే సాయంత్రం పడుచుదనం నుంచి మరణశయ్య దాకా సాగాలి. వయసును కంఠంతో పలికించాల్సిన పాత్ర ఇది, అదీ మొట్టమొదటి అడుగులోనే.

ఈ ఆరంభం తర్వాత ఒపేరాలో ఆమె దూసుకుపోవలసింది. కానీ గ్రీసులో అప్పటికి ప్రభుత్వం నడిపే శాశ్వత ఒపేరా సంస్థే లేదు. లవ్రాంగస్ 1900లో నెలకొల్పిన ‘ఎల్లినికో మెలోడ్రమా’ వంటి ప్రైవేటు బృందాలు అప్పుల మధ్య నడుస్తూ ఆగుతూ ఉండేవి. నేషనల్ ఒపేరా ఏర్పడింది 1939లో. మరియా కల్లాస్ వంటి తర్వాతి తరం గాయనికి ఆ ఆసరా దొరికింది, పాక్సినూకు దొరకలేదు. పైగా 1922లో ఆసియా మైనర్‌లో గ్రీకు సైన్యం ఓడిపోయి, పది లక్షలకు పైగా శరణార్థులు దేశంలోకి వచ్చిపడ్డారు. వాళ్ల ఓడలు ఎక్కువగా ఆగింది పిరేయస్ రేవులోనే. ఊరి చుట్టూ రేకుల గుడిసెలు లేచాయి. నాటకశాలల్లో సైతం శరణార్థులు తలదాచుకున్నారు. అలాంటి రోజుల్లో ఒక ఒపేరా గాయని ఏ సంస్థను నమ్ముకుని బతకాలి? ఆమె నాటకంలోకి మళ్లడం వెనక సొంత మనసు ఎంత ఉందో, చుట్టూ ఉన్న కాలం కూడా అంత ఉందని నా అభిప్రాయం.

1920ల ఆఖర్లో ఆమె కొటొపూలి సమాజంలో చేరింది. హెన్రీ బతాయ్ రాసిన ఫ్రెంచ్ నాటకం ‘నగ్న స్త్రీ’లో తొలి వేషం. పసిపాపగా వేదికెక్కిన మహానటి, మూడు పదుల వయసు ముంగిట నిలిచి నటన మొదలుపెట్టిన కొత్త మనిషికి చోటిచ్చింది. ఇవాళ ఏథెన్స్‌లో పానెపిస్తిమియూ వీధిలోని రెక్స్ భవనంలో నేషనల్ థియేటర్ నడిపే రెండు వేదికలకు ఈ ఇద్దరి పేర్లే పెట్టారు. 1930-31లో కొటొపూలి బృందం అమెరికాకు వెళ్లినప్పుడు పాక్సినూ కూడా వెళ్లింది. అక్కడ ‘ఎలెక్ట్రా’లో ఆమె వేసింది తల్లి క్లైటెమ్నెస్ట్రా పాత్ర. కూతురు ఎలెక్ట్రాగా వేసింది ఆమెకన్నా పదమూడేళ్లు పెద్దదైన కొటొపూలి, ఆ సమాజానికి యజమానురాలు. వేషాల పంపకంలో వయసుకన్నా హోదాకే విలువ ఎక్కువని తెలియడానికి ఈ ఒక్క సంగతి చాలు.

అమెరికా నుంచి వచ్చాక ఆమె ఎమీలియోస్ వెయాకిస్, అలెక్సిస్ మినోటిస్‌లతో కలిసింది. వెయాకిస్ ఆనాటి గ్రీకు నటుల్లో పెద్దదిక్కు. మినోటిస్ క్రీట్ దీవిలోని హనియా నుంచి వచ్చినవాడు. తర్వాత ఆమెకు భర్త, దర్శకుడు, నలభై ఏళ్ల సహచరుడు. ఆ బృందం కోసం పాక్సినూ యూజీన్ ఓనీల్ నాటకం ‘డిజైర్ అండర్ ది ఎల్మ్స్’ను గ్రీకులోకి తెచ్చింది. గ్రీసులో ప్రదర్శించిన మొదటి ఓనీల్ నాటకం అదే. చెకోవ్ ‘అంకుల్ వాన్యా’, స్ట్రిండ్‌బర్గ్ ‘ది ఫాదర్’ కూడా ఆ రోజుల్లోనే ఆడారు. నటించడం మొదలుపెట్టి నాలుగేళ్లయినా కాకముందే పరభాషా నాటకాన్ని అనువదించి వేదికెక్కించడం విశేషమే. జెనీవా, బెర్లిన్, వియన్నాలు ఆమెకు గాత్రంతో పాటు భాషలూ నేర్పాయి.

సరిగ్గా ఈ సమయంలోనే గ్రీకు ప్రభుత్వం నాటకరంగాన్ని చేపట్టింది. వాస్తుశిల్పి ఎర్నెస్ట్ జిల్లర్ కట్టిన రాజరంగశాల 1901లో తెరుచుకుని 1908లోనే మూతపడింది. 1930లో విద్యామంత్రి గియోర్గియోస్ పాపాంద్రెయూ తెచ్చిన చట్టంతో అదే భవనంలో నేషనల్ థియేటర్‌కు ప్రాణం వచ్చింది. నటి కివేలి పెళ్లాడింది ఈ మంత్రినే. 1932 మార్చి 19న ఈస్కిలస్ ‘ఆగమెమ్నన్’తో కొత్త సంస్థ మొదలైంది. దర్శకుడు ఫోటోస్ పొలీటిస్. తొలి నటబృందంలో వెయాకిస్, మినోటిస్, పాక్సినూ ఉన్నారు. నెల జీతం, నెలల తరబడి రిహార్సళ్లు, ఒక్కరి పేరు మీద కాక నాటకం మీద నిలబడే ప్రదర్శన — తారల సమాజాల్లో వీటిలో ఏ ఒక్కటీ అంతకుముందు లేదు. ఒక తారకు నీడగా కాలం గడపాల్సిన అవసరం పాక్సినూకు తప్పింది. ఆమె ఆలస్యంగా వచ్చిన మాట నిజమే, కానీ ఆ తలుపు తెరుచుకున్నదే అప్పుడు.

1934లో పొలీటిస్ మరణించాక దర్శకత్వ బాధ్యత దిమీత్రిస్ రొందీరిస్‌కు వచ్చింది. జర్మనీలో మాక్స్ రైన్‌హార్ట్ దగ్గర నేర్చుకున్న రొందీరిస్‌కు ప్రాచీన విషాద నాటకం మౌలికంగా లయ. బృందగీతాలను చదివించకుండా, అచ్చంగా పాడించకుండా, ఒకే గొంతుగా తాళానికి కట్టి పలికించేవాడు. వాచికాన్ని సంగీతంలా నడిపే ఈ పద్ధతిలో మామూలు నటులు తడబడతారు. ఊపిరి ఎక్కడ పట్టాలి, వాక్యం చివర స్థాయి ఎంత ఎత్తున నిలపాలి, ఏడుపును ఏ శ్రుతిలో మొదలుపెట్టి ఎక్కడ తెగ్గొట్టాలి అన్నవి గాయకులకు పుట్టే ప్రశ్నలు. పాక్సినూ వాటితో పదేళ్లు వేగి వచ్చింది.

1936లో రొందీరిస్ సోఫోక్లిస్ ‘ఎలెక్ట్రా’ను తీసుకున్నాడు. సంగీతం మిత్రొపూలోస్‌ది. బియాట్రిస్ పాడిన గాయని, ఆ స్వరాలు కట్టిన కుర్రవాడు పదహారేళ్ల తర్వాత ఇలా ఒకే పనిలో కలిశారు. ఎలెక్ట్రాగా పాక్సినూ, క్లైటెమ్నెస్ట్రాగా ఎలెనీ పాపదాకి. నాటకం మొదలైన కాసేపటికి వేదిక మీదికి వచ్చిన ఎలెక్ట్రా దాదాపు చివరి దాకా అక్కడే ఉంటుంది. ప్రాచీన నాటకాల్లో ఇంత పొడుగు పాత్రలు అరుదు. వచ్చీ రాగానే విలాపం, తర్వాత బృందంతో ఎదురుబొదురుగా సాగే శోకగీతం, తల్లితో వాదం, చెల్లెలితో వాదం. ఇన్ని అయ్యాక తమ్ముడు ఒరెస్టెస్ చనిపోయాడన్న అబద్ధపు వార్త. అతని చితాభస్మం అని చెప్పి ఒక కలశాన్ని ఆమె చేతిలో పెడతారు. ఆ కలశాన్ని గుండెకు హత్తుకుని ఆమె మాట్లాడుతుంది. తమ్ముడు ప్రాణాలతో ఎదుటే నిలబడి ఉన్నాడని ప్రేక్షకులకు తెలుసు, ఆమెకు తెలియదు.

ఈ ఘట్టానికి ప్రాచీన కాలం నుంచే ఒక కథ ఉంది. పోలస్ అనే గ్రీకు నటుడు తన కొడుకు చనిపోయాక ఇదే వేషం వేస్తూ, బొమ్మ కలశానికి బదులు కొడుకు అస్థికలున్న నిజమైన కలశాన్నే పట్టుకుని వచ్చాడని రోమన్ రచయిత ఔలస్ గెలియస్ రాశాడు. నటుడి సొంత దుఃఖం పాత్రకు ఎంతవరకు పనికొస్తుందన్న చర్చ అప్పటి నుంచీ నడుస్తూనే ఉంది. పాక్సినూ దారి వేరని నాకనిపిస్తుంది. ఈ వేషం వేసేనాటికి ఆమె జీవితంలో తెగిపోయిన బంధాలు తక్కువేమీ కాదు. కానీ ఆ దుఃఖాన్ని మోయగల ఊపిరి లేకపోతే అది పైవరుస దాకా చేరదు. ఆ ఊపిరి ఆమెకు సంగీతం ఇచ్చింది. సోఫోక్లిస్ ఎలెక్ట్రా కూడా పడుచుపిల్ల కాదు. పెళ్లి లేక, పిల్లలు లేక, తండ్రి హత్యను తలుచుకుంటూ తన ఈడు కరిగిపోతోందని వాపోయే స్త్రీ. ముప్పై అయిదేళ్ల పాక్సినూకు ఆ మాటలు పలకడంలో వయసు అడ్డు కాలేదు.

1938 సెప్టెంబరు 11న ఇదే ‘ఎలెక్ట్రా’ను ఎపిడారస్‌లో ఆడారు. క్రీస్తుపూర్వం నాలుగో శతాబ్దంలో కట్టిన ఆ రంగశాల శతాబ్దాలపాటు మట్టికింద, చెట్లకింద ఉండిపోయింది. 1881లో పురాతత్వవేత్త పనాయిస్ కవ్వదియాస్ తవ్వకాలు మొదలుపెట్టాక మళ్లీ వెలుగు చూసింది. యాభై అయిదు వరుసలు, దాదాపు పద్నాలుగు వేల మంది కూర్చునే మెట్లు, మధ్యలో గుండ్రటి మట్టి నేల. ఆధునిక కాలంలో అక్కడ జరిగిన మొదటి ప్రాచీన నాటక ప్రదర్శన ఇదే. మైకులు లేవు. వృత్తం నడుమ నేల మీద నాణెం పడినా పైమెట్టు దాకా వినిపిస్తుందని గైడ్లు చెప్పే చోటది. అయితే శబ్దం వినిపించినంత మాత్రాన మాట అర్థమవుతుందని కాదు. అంత ఎత్తున కూర్చున్నవాళ్లకు ముఖం కనిపించదు, కనుబొమ్మల కదలిక తెలియదు. కనిపించేది దేహపు నిలువు గీత, చేతుల కదలిక. వినిపించేది గొంతు. ఇరవై ఏళ్లుగా గొంతును తీర్చిదిద్దుకున్న నటికి ఇంతకన్నా తగిన చోటు దొరకదు. ఆమె ఎలెక్ట్రా గురించి తర్వాత వెలువడిన ప్రశంసలన్నిటికీ మూలం ఈ ఒక్క పొందికలో ఉందని నేను నమ్ముతాను.

దేశం అప్పటికి మెటాక్సాస్ నియంతృత్వంలో ఉంది. ప్రాచీన వైభవాన్ని ప్రచారానికి వాడుకోవడం ఆ ప్రభుత్వానికి ఇష్టమైన పని. నేషనల్ థియేటర్ విదేశీ యాత్రలకు కొంత ఊతం అక్కడి నుంచే వచ్చింది. 1939 వేసవిలో బృందం ‘ఎలెక్ట్రా’, ‘హామ్లెట్’లతో ఇంగ్లండ్, జర్మనీ వెళ్లింది. ‘హామ్లెట్’లో మినోటిస్ రాకుమారుడు, పాక్సినూ అతని తల్లి గెర్‌ట్రూడ్. ఇద్దరూ ఇంచుమించు ఒకే ఈడు వాళ్లు, మరుసటి ఏడాదే పెళ్లి చేసుకున్నారు. రంగస్థలం మీద ఆమె వయసు మొదటి నుంచీ పుట్టిన తేదీని బట్టి నడవలేదు.

యుద్ధం ఆమెను లండన్‌లో చిక్కించింది. ఇటలీ 1940 అక్టోబరు 28న గ్రీసు మీద పడింది. మరుసటి ఏప్రిల్‌లో జర్మన్ సైన్యం ఏథెన్స్‌లో అడుగుపెట్టింది. ఇంటికి దారి మూసుకుపోవడంతో పాక్సినూ 1941 మేలో అమెరికా చేరింది. నలభై ఏళ్ల వయసు, అరువు తెచ్చుకున్న భాష, వలస మనిషి యాస. 1942 జనవరిలో న్యూయార్క్ లాంగేకర్ థియేటర్‌లో ఇబ్సెన్ ‘హెడా గాబ్లర్’ ఆడింది. కొద్ది రోజులకే ఆ ప్రదర్శన ఆగిపోయింది. తన దేశంలో మొదటి వరుసలో ఉన్న నటి ఇక్కడ మళ్లీ అక్షరాభ్యాసం నుంచి మొదలుపెట్టాల్సి వచ్చింది.

హాలీవుడ్‌లో పారమౌంట్ సంస్థ ఆ సమయంలోనే హెమింగ్వే నవల ‘ఫర్ హూమ్ ది బెల్ టోల్స్’ను సినిమాగా తీస్తోంది. స్పెయిన్ అంతర్యుద్ధంలో కొండల్లో దాగిన గెరిల్లా దళం కథ. దళనాయకుడు పాబ్లోకు ధైర్యం సడలిపోతే, దళాన్ని నిలబెట్టేది అతని భార్య పిలార్. సామ్ వుడ్ దర్శకత్వంలో అమెరికన్‌గా గ్యారీ కూపర్, అతని ప్రియురాలు మరియాగా స్వీడన్ నుంచి వచ్చిన ఇంగ్రిడ్ బెర్గ్‌మన్, పాబ్లోగా రష్యా నుంచి వలస వచ్చిన అకిమ్ తామిరోఫ్ నటించారు. పిలార్ పాత్ర గ్రీసు నుంచి వచ్చిన పాక్సినూది. స్పెయిన్ మనుషుల్ని చూపడానికి యూరప్ నలుమూలల వాళ్లను పోగుచేయాల్సి వచ్చింది.

ఆ సినిమాలో ఆమెను దగ్గరగా గమనించాల్సిన చోటు ఒకటుంది. పిలార్ తన అనాకారితనం గురించి ఆ యువ జంట ముందు మాట్లాడుతుంది. తాను పుట్టుకతోనే అందం లేనిదాన్నని, అయినా మగవాళ్లు తనను ప్రేమించారని, కొన్నాళ్లకు వాళ్ల కళ్లు తెరుచుకుంటాయని చెబుతుంది. మామూలు హాలీవుడ్ నటి అయితే ఇక్కడ జాలి పుట్టించాలని చూస్తుంది. పాక్సినూ అలా చేయదు. గొంతు పెంచదు, కళ్లు దించదు. ఊరి సంత సంగతి చెప్పినంత నిబ్బరంగా చెబుతుంది, నవ్వు కూడా దాన్ని అనుసరించి వస్తుంది. అందం కోల్పోతానన్న భయంలో ఇరవై ఏళ్లు గడిపిన తారకు ఈ నిబ్బరం రాదు. వయసును దాచుకోవలసిన దశ ఆమె వృత్తిజీవితంలో ఎప్పుడూ లేదు. ఆలస్యంగా రావడం ఆమెకు చేసిన గొప్ప మేలు ఇదే.

ఆ చిత్రానికి తొమ్మిది ఆస్కార్ నామినేషన్లు వచ్చాయి. గెలిచింది ఒక్కటే, సహాయ నటి విభాగంలో పాక్సినూ. అంతకుముందు జనవరిలో, మొట్టమొదటిసారి ఇచ్చిన గోల్డెన్ గ్లోబ్ బహుమతుల్లోనూ ఆ విభాగం ఆమెదే. 1944 మార్చి 2న గ్రామన్స్ చైనీస్ థియేటర్‌లో ఆస్కార్ సభ జరిగింది. అంతవరకు సహాయ నటులకు ఫలకం మాత్రమే ఇచ్చేవారు. పూర్తి ప్రతిమ ఇవ్వడం ఆ ఏటితోనే మొదలు. బహుమతి అందుకుంటూ ఆమె ఏథెన్స్ రాజరంగశాలలోని సహనటులను తలుచుకుంది. వాళ్లలో ఎవరు బతికి ఉన్నారో, ఎవరు పోయారో తెలియని రోజులవి. 1941-42 చలికాలపు కరువులో ఏథెన్స్ వీధుల్లో వేలాది మంది ఆకలితో చనిపోయారు. ఆమె సరసన క్లైటెమ్నెస్ట్రా వేసిన పాపదాకి కరువును దాటింది, ఆక్రమణనూ దాటింది. విముక్తి తర్వాత అదే 1944 డిసెంబరులో చెలరేగిన అంతర్గత పోరులో వామపక్ష సాయుధుల చేతుల్లో హతమైంది.

ఆస్కార్ తర్వాత హాలీవుడ్ ఆమెకు ఇచ్చిన పాత్రలు చాలావరకు ఒకే అచ్చులో పోసినవి: పరదేశపు యాస ఉన్న, కొంచెం భయపెట్టే ఆడమనిషి. మినోటిస్ పరిస్థితీ అంతే. హిచ్‌కాక్ ‘నొటోరియస్’లో తలుపు తీసే నౌకరు జోసెఫ్ ఆయనే, హామ్లెట్ వేసిన నటుడికి దొరికిన వేషమది. ఆమెకు దొరికిన వాటిలో చెప్పుకోదగ్గది 1947 నాటి ‘మోర్నింగ్ బికమ్స్ ఎలెక్ట్రా’. గ్రీకు కథను అమెరికా అంతర్యుద్ధ కాలానికి తెచ్చిన ఓనీల్ నాటకానికి డడ్లీ నికల్స్ చిత్రరూపం అది. ఎలెక్ట్రా స్థానంలో రోజలిండ్ రసెల్, తల్లి క్రిస్టీన్‌గా పాక్సినూ. ఇద్దరికీ వయసులో తేడా ఏడేళ్లే. దాదాపు మూడు గంటల ఆ చిత్రం నిర్మాతలకు నష్టాలే తెచ్చింది. ఏథెన్స్‌కు ఓనీల్‌ను పరిచయం చేసిన మనిషి ఓనీల్ భాషలోనే ఆ వంశపు తల్లిగా నటించిన అవకాశం కనుక నాకు ఆ చిత్రం మీద మక్కువ.

1950ల మొదట్లో ఆమె ఏథెన్స్‌కు తిరిగివచ్చింది. 1951 జనవరిలో న్యూయార్క్‌లో లోర్కా ‘హౌస్ ఆఫ్ బెర్నార్డా ఆల్బా’లో నటించాక, ఆ తర్వాతి ఏడాది నవంబరులో నేషనల్ థియేటర్ బృందంతో అదే నగరానికి మళ్లీ వెళ్లింది. మార్క్ హెలింగర్ థియేటర్‌లో ఆడిన నాటకాలు రెండు: ‘ఎలెక్ట్రా’, ‘ఈడిపస్’. యాభై రెండేళ్లు నిండబోతున్న వయసులో ఎలెక్ట్రా ఆమే, ఈడిపస్ తల్లి జొకాస్టా కూడా ఆమే. ‘ఎలెక్ట్రా’కు మిత్రొపూలోస్ సంగీతం, ‘ఈడిపస్’కు సంగీతం కట్టింది పాక్సినూ. హెడా గాబ్లర్‌ను పది రోజుల్లో మరిచిన నగరం ముందు ఆమె ఈసారి తన భాషలో, తన బృందంతో, తన స్వరాలతో నిలబడింది.

ఎపిడారస్‌లో ఏటేటా ఉత్సవం మొదలయ్యాక 1955లో మినోటిస్ దర్శకత్వంలో యూరిపిడిస్ ‘హెకబే’ వేశారు. ఆ మరుసటి ఏడాది ‘మెడియా’. హెకబే ఓడిపోయిన ట్రాయ్ నగరపు రాణి, ఇప్పుడు బానిస. తోటి స్త్రీల చేతులు పట్టుకుని, కర్రమీద ఒరిగి గుడారం బయటికి వస్తుంది. కూతుర్ని శత్రువులు బలి ఇస్తారు. దాచమని స్నేహితుడికి అప్పగించిన కొడుకు శవమై సముద్రపు ఒడ్డుకు కొట్టుకొస్తాడు. నిలబడలేని ఆ ముసలమ్మే చివరికి ఆ నమ్మకద్రోహి కళ్లు పీకిస్తుంది, అతని పిల్లల్ని చంపిస్తుంది. శోకంతో మొదలై పగతో ముగిసే ఈ నడకలో ఎక్కడ గొంతు మారాలో నటి తేల్చుకోవాలి. బియాట్రిస్‌తో ఇరవై ఏళ్లకు నేర్చుకున్న పాఠమే ఇది. పాత్రలు పెద్దవయ్యే కొద్దీ ఆమె సరైన వయసులోకి వస్తూ వచ్చింది. చాలామంది నాయికలకు యాభై తర్వాత దారి ఇరుకవుతుంది, ఆమెకు అక్కడే రాజబాట మొదలైంది.

సినిమాలో ఆమె చేసిన గొప్ప పని పిలార్ కాదని నా తీర్పు. 1960లో ఇటలీ దర్శకుడు విస్కాంటి తీసిన ‘రోకో అండ్ హిజ్ బ్రదర్స్’లోని రోజారియా దానికి మించినది. దక్షిణ ఇటలీలోని లూకానియా నుంచి భర్తను పోగొట్టుకున్న తల్లి నలుగురు కొడుకులతో రాత్రివేళ మిలాన్ స్టేషన్‌లో దిగుతుంది. నల్లబట్టలు, మూటలు, చలి. పెద్దకొడుకు స్టేషన్‌కు రాలేదు. ట్రామ్ ఎక్కి, అద్దాల వెనక దుకాణాల దీపాలు దాటిపోతుంటే చూస్తూ అతన్ని వెతుక్కుంటూ వెళ్తే, అక్కడ అతని నిశ్చితార్థపు విందు జరుగుతోంది. కాసేపు ఆలింగనాలు, అంతలో వియ్యాలవారితో కయ్యం. ఈ కొద్ది నిమిషాల్లో పాక్సినూ చేతులు ఒక్క క్షణం ఊరుకోవు: కొడుకు ముఖం తడుముతాయి, గుండె మీద పడతాయి, శపిస్తున్నట్టు గాల్లోకి లేస్తాయి. పద్నాలుగు వేల మందికి కనిపించేలా తీర్చుకున్న చేతులు అవి. కెమెరాకు అతిగా ఉన్నాయన్న విమర్శ అప్పుడూ ఉంది, ఇప్పుడూ ఉంది. నాకు మాత్రం విస్కాంటి కోరింది అదేననిపిస్తుంది. అలెన్ డెలాన్, రెనాటో సల్వటోరి ఆడిన సోదరుల కథ నేరం దాకా వెళ్లి, కొడుకు హంతకుడై ఇంటికి వచ్చినప్పుడు ఆ గదిలో లేచే ఏడుపు వార్తాపత్రికల్లోని నేరకథ స్థాయిలో ఆగిపోకూడదు. ఆ ఇంటిని ప్రాచీన విషాదంలోకి నెట్టగల తల్లి కావాలి. హెకబే వేసి వచ్చిన నటి ఆ పని చేసింది.

1967 ఏప్రిల్ 21న సైనికాధికారులు గ్రీసులో అధికారాన్ని చేజిక్కించుకున్నారు. పాక్సినూ, మినోటిస్ నేషనల్ థియేటర్‌ను విడిచిపెట్టారు. 1932లో తొలి బృందంలో కాలుమోపిన సంస్థ అది. అరవై ఏడేళ్ల వయసులో, 1968లో, భర్తతో కలిసి సొంత సమాజం పెట్టి మళ్లీ టికెట్ల వసూళ్ల మీద, అద్దె నాటకశాలల మీద ఆధారపడే బతుకులోకి దిగింది. ఆ చివరి ఏళ్లలో ఆమె కట్టిన వేషాల్లో బ్రెష్ట్ ‘మదర్ కరేజ్’ ఒకటి. యుద్ధాన్ని నమ్ముకుని బండి లాగుతూ, అదే యుద్ధానికి పిల్లల్ని ఒక్కొక్కరినీ పోగొట్టుకునే వ్యాపారి తల్లి పాత్ర. సైనిక పాలనలో ఏథెన్స్ ప్రేక్షకులు ఆ నాటకాన్ని ఎలా విని ఉంటారో ఊహించడం కష్టం కాదు.

1973 ఫిబ్రవరి 22న ఏథెన్స్‌లో ఆమె క్యాన్సర్‌తో మరణించింది. అప్పటికి డెబ్భై రెండేళ్లు. మరుసటి ఏడాది జులైలో సైనిక ప్రభుత్వం కూలింది. మినోటిస్ నేషనల్ థియేటర్‌కు అధిపతిగా తిరిగివచ్చి, 1990లో కన్నుమూసే ముందు వరకు ప్రాచీన నాటకాలు ఆడిస్తూ, ఆడుతూ ఉన్నాడు.